కోర్టు దగ్గరుందని అక్కడికి పోవద్దు, అబ్బయ్యా

చిరంజీవి మేనల్లుడికి మామయ్య ఆశీస్సులు.

నిన్న రాత్రి మీ అమ్మ ఫోన్ చేసింది. మిల్లు ఉద్యోగ నియమాలు, అదే స్టాండింగ్ ఆర్డర్లలో రిటైర్మెంటు వయసు 60 అని ఉన్నా మిల్లు వాళ్లు నిన్ను 58కే ఇంటికి పంపుతామన్నారనీ, నువ్వు ఊరుకోకుండా కేసు వేస్తానన్నావనీ చెప్పింది. సంతోషమేసింది అబ్బయ్యా. మన ఇంట్లో కాగితం చదివి ఎదురడిగినవాళ్లు తక్కువ. అంతలోనే, "కందుకూరు కోర్టులో వేస్తాడంట, వకీలు వాళ్ల వీధిలోనే ఉన్నాడంట" అంది. ఇక నాకు నిద్ర పట్టలేదు.

మిల్లు నోటీసుకి రాతపూర్వకంగా జవాబివ్వు. వాళ్లిచ్చే డబ్బు తీసుకోవాల్సి వస్తే అభ్యంతరంతో తీసుకుంటున్నానని రాసి సంతకం పెట్టు. గ్రాట్యుటీకి వేరే అధికారి ఉంటాడు, దాన్ని ఇందులో కలపొద్దు.

1999లో నేను చేసిన పని నీకెవరూ పూర్తిగా చెప్పి ఉండరు. పొగాకు కంపెనీలో నా పుట్టిన సంవత్సరం 1941 అని రాసుకున్నారు. చేరేటప్పుడు డాక్టరు పళ్లు చూసి వేసిన అంచనా అది. నేను పుట్టింది 1944లో. మూడేళ్ల జీతం పోతుంటే చూస్తూ ఉండలేక కేసు వేద్దామనుకున్నాను. గుంటూరు లేబర్ కోర్టు దాకా ఎవరు తిరుగుతారులే అని, ఇంటి నుంచి నడిచిపోయేంత దూరంలో ఉన్న మునసబు కోర్టులో, అంటే సివిల్ కోర్టులో, దావా వేశాను. నెల తిరక్కుండా నన్ను పంపకుండా ఆపుతూ ఇంజంక్షన్ వచ్చింది. మీ అత్తయ్య మైసూర్‌పాక్ తెప్పించి వీధంతా పంచింది. మర్నాడు గేటు దగ్గర వాచ్‌మన్ నాకు నమస్కారం పెట్టాడు. గెలిచామనే అనుకున్నాను.

ఏడు నెలలకు కంపెనీ వకీలు లేచి, యజమాని వద్దంటుంటే ఉద్యోగంలో ఉంచమని సివిల్ కోర్టు బలవంతపెట్టకూడదన్నాడు. స్పెసిఫిక్ రిలీఫ్ చట్టంలో 14వ సెక్షన్ చూపించాడు. ఆ ఇంజంక్షన్ పోయింది. అసలు ఈ కేసు వినే అధికారం ఈ కోర్టుకు ఉందా లేదా అన్న వాదనతోనే నాలుగేళ్లు గడిచాయి. నేనెప్పుడు పుట్టానో చెప్పడానికి మీ అమ్మమ్మ ప్రతి వాయిదాకీ ఉతికిన చీర కట్టుకుని వచ్చి వరండాలో బెంచీ మీద కూర్చునేది. ఒక్కసారి కూడా ఆమెను పిలవలేదు. అధికారం లేదని కేసు కొట్టేసేనాటికి ఆమె లేదు. నా లెక్కన చూసినా 58 దాటిపోయింది. అప్పుడు గుంటూరు పోతే, ఇన్నాళ్లూ ఏం చేశావని అడిగారు. రాజీలో వచ్చింది వకీలు ఫీజుకే చాల్లేదు. చిన్నదాని పెళ్లికి చెరువు కింద ఎకరం అమ్మాను, నీకు గుర్తుండే ఉంటుంది.

ఆ తర్వాతే తెలుసుకున్నాను. 1975లో ప్రీమియర్ ఆటోమొబైల్స్ కేసులో సుప్రీంకోర్టు చెప్పిందేమిటంటే, హక్కు మామూలు చట్టం వల్ల వచ్చిందైతే సివిల్ కోర్టు, లేబర్ కోర్టు రెండింట్లో ఏదో ఒక చోటికి పోవచ్చు, కార్మిక చట్టమే ఇచ్చిందైతే లేబర్ కోర్టుకే పోవాలి. స్టాండింగ్ ఆర్డర్ల వల్ల వచ్చే హక్కులకూ అంతేనని 1995లో రాజస్థాన్ ఆర్టీసీ కేసులో చెప్పింది. మరి నీ 60 ఎక్కడుంది? స్టాండింగ్ ఆర్డర్లలోనే కదా.

నన్నడిగితే ఇలా ఉండడమే న్యాయం. ప్రైవేటు ఉద్యోగంలో సివిల్ కోర్టు నిన్ను గెలిపించినా నష్టపరిహారమే ఇస్తుంది. కార్మిక వివాదాలు వినే ట్రిబ్యునల్ అయితే పనిలోకి తీసుకోమని, పోయిన జీతం ఇమ్మని చెప్పగలదు. కోర్టు ఫీజు కూడా ఉండదు. అక్కడ వాయిదాలు ఉండవని నేను చెప్పను. కానీ ఆ వాయిదాల్లో మాట్లాడేది నీ ఉద్యోగం గురించే.

నాకున్న పెద్ద భయం గడువు. పాత కార్మిక చట్టంలో మూడేళ్లుండేది. 2025 నవంబర్ 21 నుంచి అమల్లోకి వచ్చిన కొత్త కార్మిక కోడ్‌లో రెండేళ్లే. ముందు రాజీ కుదిర్చే కన్సిలియేషన్ అధికారికి అర్జీ పెట్టి రసీదు తీసుకో. 45 రోజుల్లో తేలకపోతే ట్రిబ్యునల్‌కి పో. మన కందుకూరు 1970 దాకా నెల్లూరు జిల్లా, తర్వాత ప్రకాశం, 2022లో మళ్లీ నెల్లూరు, ఇప్పుడు తిరిగి ప్రకాశం. అర్జీ ఏ ఆఫీసులో తీసుకుంటారో కనుక్కుని బయల్దేరు, పాత అలవాటుతో ఏదో ఒక బస్సెక్కొద్దు.

ఇంకో మాట, కోప్పడుతున్నాననుకోకు. నిన్ను సూపర్‌వైజర్ అన్నప్పుడు మురిసిపోయి సంతకం ఎందుకు పెట్టావురా? జీతం 18,000 దాటిన సూపర్‌వైజర్ కార్మికుడు కాడని రేపు వాదిస్తారు. నువ్వు ఇప్పటికీ మెషిన్ల దగ్గర నిలబడి తెగిన దారం అతుకుతున్నావని మీ అమ్మే చెప్పింది. నీ వేళ్లు చూస్తే నాకూ తెలుస్తుంది. షిఫ్టు పుస్తకంలో నీ పేరున్న పేజీలు ఇప్పుడే ఫోన్‌లో ఫొటో తీసి పెట్టుకో. రిటైర్మెంటు అంటే తొలగింపు కాదని కూడా అంటారు, అందుకని యూనియన్ చేత కూడా వివాదం లేవనెత్తించు.

డబ్బుకి టెన్షన్ పడొద్దు, వడ్డీకి మాత్రం తేవద్దు. నా పెన్షన్లో దాచింది కొంత ఉంది. ఆదివారం వకీలు దగ్గరికి పోకుండా నేరుగా నా దగ్గరికి రా. స్టాండింగ్ ఆర్డర్ల కాపీ, అపాయింట్‌మెంట్ కాగితం, నోటీసు, మూడూ తీసుకురా. నాకు చిన్న అక్షరాలు ఆనడం లేదు, నువ్వే చదివి వినిపించాలి.

ఇట్లు,
మీ మామయ్య