పెళ్లి కెమెరా నుంచి డాక్యుమెంటరీకి: ఎవరిని చూసి నేర్చుకోవాలి?

పెళ్లి వీడియోలు తీస్తున్నాను, డాక్యుమెంటరీల వైపు రావాలనుంది, ఎవరి కెరీర్ చూసి నేర్చుకోవాలి అని అడిగారు. నేనూ పెళ్లి కెమెరాతోనే మొదలుపెట్టాను. నా ఓటు నెదర్లాండ్స్‌కు చెందిన డాక్యుమెంటరీ దర్శకుడు జోరిస్ ఇవెన్స్ (1898–1989)కి. వాళ్లది కెమెరాలమ్మే కుటుంబం కాబట్టి సామాను బాధ లేదు. మనకి ఈఎంఐలు!

ముందు 'రెయిన్' (1929) చూడండి. ఆమ్‌స్టర్‌డామ్‌లో వాన. కాలవ నీళ్ల మీద తొలి చినుకులు, టపటపా విచ్చుకునే గొడుగులు, ట్రామ్ అద్దం మీద ధారలు. పన్నెండు నిమిషాల్లో ఒకే జల్లు కురిసి వెలిసినట్టుంటుంది గానీ, నిజానికి నెలల తరబడి ఎన్నో వానల్లో తీసి కూర్చినది. మెలకువ రాగానే వాన పడుతుంటే తీయొచ్చని కెమెరా మంచం పక్కనే పెట్టుకుని పడుకునేవారట.

పోచంపల్లిలో ఒక గుంటమగ్గం మీద చిన్న సినిమా తీసినప్పుడు నేనూ ఇదే చేశాను. ఒకరోజు గుంటలో పాదాలు, మరోరోజు నాడె (పోగును అటూ ఇటూ మోసేది) పరుగు, ఇంకోరోజు తెగిన పోగును ముడేసే వేళ్లు. చూసినవాళ్లంతా ఒక్క పూటలో తీశాననుకున్నారు. పెళ్లిలో తాళి కట్టే క్షణం పోతే పోయినట్టే, ఆ టెన్షన్ మీకు తెలిసిందే. మగ్గం దగ్గర పని రేపూ జరుగుతుంది, ఆగి చూడొచ్చు.

తర్వాత 'బోరినాజ్'. 1933లో బెల్జియం బొగ్గు గని కార్మికుల గురించి హెన్రీ స్టోర్క్‌తో కలిసి తీశారు. జరిగిపోయిన ఊరేగింపును కెమెరా కోసం మళ్లీ చేయించబోతే, జనం చేరి అది నిజమైన ఊరేగింపే అయిపోయింది. మళ్లీ చేయిస్తే డాక్యుమెంటరీ అవుతుందా అని మీకు ఎప్పుడో ఒకప్పుడు అనుమానం రాక మానదు, అప్పుడు ఇది చూడండి.

ఈ దారిలో నష్టమూ ఉంది. 1945లో డచ్ ఈస్టిండీస్ (నెదర్లాండ్స్ వలస పాలనలోని ఇండోనేషియా) ప్రభుత్వం ఇచ్చిన ఫిల్మ్ కమిషనర్ పదవిని వదిలేసి, ఆస్ట్రేలియాలో 'ఇండోనేషియా కాలింగ్' (1946) తీశారు. ఇండోనేషియా స్వాతంత్ర్యానికి మద్దతుగా డచ్ ఓడలకు పని చేయబోమన్న రేవు కార్మికులు, నావికుల కథ అది. వాళ్లలో మన భారతీయులూ ఉన్నారు. ఆ తర్వాత సొంత దేశంతో ఏళ్ల తరబడి పాస్‌పోర్టు తిప్పలే.

సాంస్కృతిక విప్లవ కాలపు చైనా మీద తీసిన సుమారు 12 గంటల సిరీస్ జోలికి ఇప్పుడే వెళ్లకండి. అక్కడ చూపించినదాన్ని ఆయన మరీ తేలిగ్గా నమ్మేశారని నా అభిప్రాయం.