హైదరాబాద్‌లో ఉద్యోగం చేసుకుంటూ షార్ట్ ఫిల్మ్ రైటర్-డైరెక్టర్ అవ్వచ్చా? ఎక్కడ మొదలుపెట్టాలి?

అవ్వచ్చు. కాకపోతే యూట్యూబ్ డబ్బుల్ని నమ్ముకుని ఉద్యోగం మాత్రం మానేయొద్దు, అవి కెమెరా అద్దెకి వచ్చినా గొప్పే. షార్ట్ ఫిల్మ్ అంటే మీకు పని వచ్చని చూపించే రుజువు. 2014లో సుజీత్, 2016లో తరుణ్ భాస్కర్ అలాగే ఫీచర్ (పూర్తి నిడివి సినిమా) డైరెక్టర్లయ్యారు. ఆ దారి ఉంది, ఇరుకుగానే ఉంది.

ఖర్చు తేలేది రాసేటప్పుడే. మొదటిదానికి ఇద్దరు మనుషులు, ఒక ఇల్లు, పగటిపూట. ఇంతకు మించొద్దు. ‘రాత్రి, ట్యాంక్‌బండ్, వాన’ అని ఒక్క లైన్ రాశారంటే పర్మిషన్, లైట్లు, జనరేటర్, నీళ్ల ట్యాంకర్ అన్నీ దాని వెనకే వస్తాయి. స్క్రిప్ట్ పేజీకి ఒక నిమిషం వేసుకోండి. కొత్త టీమ్ రోజుకి మూడు పేజీలు తీస్తే ఎక్కువ. అంటే ఎనిమిది పేజీలకి మూడు ఆదివారాలు. ఈలోపు హీరో గడ్డం గీయించుకోకుండా కాపలా కాయాలి, అది వేరే డ్యూటీ!

అందరూ కెమెరా గురించే అడుగుతారు. ఫోనైనా పర్లేదు, సినిమా దెబ్బతినేది సౌండ్ దగ్గర. కృష్ణానగర్ వైపు అద్దెకి తెచ్చుకునేటప్పుడు ముందు రెండు లేపెల్ మైకులు (బట్టలకి తగిలించే చిన్న మైకులు), ఒక బూమ్ (కర్రకి కట్టి పైనుంచి పట్టుకునే మైక్), రికార్డర్ తీసుకోండి, లెన్సులు తర్వాత. పట్టుచీర కింద లేపెల్ పెడితే గరగర తప్పదు, అక్కడ బూమే దిక్కు. టేక్‌కి ముందు ఫ్యాన్, ఫ్రిజ్ ఆపండి. బండి తాళం ఫ్రిజ్‌లో పెట్టండి, ఇంటికెళ్లేముందు దాన్ని మళ్లీ ఆన్ చేయడం మర్చిపోరు. ప్రతి గదిలో అందర్నీ కదలకుండా నిలబెట్టి ముప్పై సెకన్లు ఖాళీ సౌండ్ రికార్డ్ చేయండి. అది లేకపోతే ఎడిటింగ్‌లో ప్రతి కట్ దగ్గరా చెవికి తెలిసిపోతుంది. ‘డబ్బింగ్‌లో చూసుకుందాం’ అనే మాటే వద్దు, కొత్తవాళ్లకి పెదాల కదలికకి మాట కుదరదు.

ట్యూబ్‌లైట్ కింద కెమెరా షట్టర్ స్పీడ్ 1/50 సెకను గానీ 1/100 సెకను గానీ పెట్టాలి. మన కరెంట్ 50 హెర్ట్జ్ కాబట్టి ఆటో మోడ్‌లో వదిలేస్తే ఫ్రేమ్‌లో చారలు పరిగెడతాయి. ఫుటేజ్ రెండు హార్డ్ డిస్కుల్లోకి ఎక్కాకే కార్డ్ ఫార్మాట్ కొట్టండి.

పాత సినిమా పాట వాడితే యూట్యూబ్‌లో కాపీరైట్ క్లెయిమ్ పడుతుంది, ఆ వీడియో మీద వచ్చే రూపాయి కూడా పాట హక్కుదారుకే పోవచ్చు. మ్యూజిక్ డైరెక్టర్, నటీనటులు స్నేహితులే అయినా ఒక పేజీ అగ్రిమెంట్ మీద సంతకాలు తీసుకోండి. కొన్ని ఫెస్టివల్స్ అప్పటికే ఆన్‌లైన్‌లో ఉన్న సినిమాని తీసుకోవు, కాబట్టి రూల్స్ చదివి ముందు అక్కడికి పంపండి, అప్‌లోడ్ తర్వాత.

సినిమా నచ్చి ప్రొడక్షన్ ఆఫీసు నుంచి పిలుపొస్తే వాళ్లు షార్ట్ ఫిల్మ్ గురించి రెండు మాటలంటారు, వెంటనే ‘ఇంకేం కథ ఉంది?’ అంటారు. అప్పుడు తడుముకుంటే పని కాదు. ఫీచర్ బౌండ్ స్క్రిప్ట్ (డైలాగులతో సహా పూర్తయిన స్క్రిప్ట్), ఒక పేజీ సినాప్సిస్ (కథ సారాంశం), ఇరవై నిమిషాల్లో ముగిసే నేరేషన్ (నోటితో కథ చెప్పడం) అప్పటికే సిద్ధంగా ఉండాలి. నేరేషన్‌కి వెళ్లేముందు ఆ సినాప్సిస్‌ని వాళ్లకి మెయిల్ చేయండి, కథ ఏ తేదీకి మీ దగ్గరుందో రికార్డ్‌లో ఉంటుంది.