గీజరులో టపటప చప్పుడు

ప్రశ్న: మా ఇంట్లో 25 లీటర్ల గీజరు కొని మూడేళ్లయింది. వాడేది బోరు నీరే. కొన్నాళ్లుగా స్విచ్ వేస్తే లోపల టపటపమని చప్పుడు వస్తోంది, వేడి నీళ్లు మునుపటంత రావడం లేదు. నీళ్లు కాగుతున్నప్పుడు వాల్వు నుంచి చుక్కలు పడుతున్నాయి. ప్లంబరు దాన్ని మూసేస్తానంటున్నాడు, మావారు కొత్త గీజరు కొందామంటున్నారు. ఏం చేయాలి?
– ఒక పాఠకురాలు, నల్గొండ

జవాబు: ముందుగా, ఆ వాల్వును ఎవరినీ మూయనివ్వకండి. నీరు వేడెక్కితే వ్యాకోచిస్తుంది కాబట్టి, కాగేటప్పుడు నాలుగు చుక్కలు పడడం సహజమే. వేడిని అదుపు చేసే థర్మోస్టాటు చెడిపోయి ఒత్తిడి పెరిగిన రోజున ట్యాంకు పగలకుండా కాపాడేది ఆ వాల్వే. స్విచ్ ఆపినా ధార ఆగకపోతే మాత్రం వాల్వు మార్పించండి.

చప్పుడుకు కారణం సున్నం పెచ్చులు. బోరు నీటిలో కరిగి ఉన్న కాల్షియం బైకార్బోనేటు వేడికి విడిపోయి, అన్నం గిన్నెకు మాడు పట్టినట్టు నీళ్లు కాచే కడ్డీకి, అంటే ఎలిమెంటుకు, పట్టేస్తుంది. ఆ పొర కింద చిక్కుకున్న నీరు ఆవిరై పైకి తన్నినప్పుడు మీరు విన్న శబ్దం వస్తుంది. అదే పొర థర్మోస్టాటు గొట్టాన్ని కూడా కప్పితే, నీళ్లన్నీ కాగకముందే కరెంటు ఆగిపోవచ్చు. ఎలిమెంటును విప్పించి నిమ్మ ఉప్పు కలిపిన నీటిలో నానబెడితే పెచ్చులు ఊడతాయి. బిగించేటప్పుడు పాత రబ్బరు వాషరునే మళ్లీ వేయనివ్వకండి.

విప్పినప్పుడే చూడవలసిన, చాలామంది పట్టించుకోని భాగం ఇంకొకటి ఉంది: మెగ్నీషియంతో చేసిన ఆనోడ్ రాడ్డు. ట్యాంకు ఇనుము తుప్పు పట్టకుండా తాను కరిగిపోవడమే దాని పని. అది పూర్తిగా కరిగిపోయాక తుప్పు ట్యాంకు మీద పడుతుంది. మూడేళ్లు బోరు నీటిలో ఉన్న రాడ్డు సన్నబడి, లోపలి తీగ కనిపిస్తుంటే, ఖర్చుకు వెనుకాడక మార్చండి. ఇకపై ఏడాదికొకసారి చూపించండి.

ఇది ఇంట్లో చేసుకునే పని కాదు. వారంటీ కార్డు చూసుకొని కంపెనీ సర్వీసు మనిషినే పిలిపించి, గీజరుకు కరెంటు ఇచ్చే ఎంసీబీ (రక్షణ స్విచ్) ఆపి, నీళ్లు చల్లారాక ఖాళీ చేయించి, ఎర్తింగు కూడా పరీక్షించమనండి. ఆ తర్వాత ఉష్ణోగ్రతను 60 డిగ్రీలు దాటనివ్వకపోతే పెచ్చులు నెమ్మదిగా కడతాయి.

కొత్త గీజరు మాటకొస్తే, మీవారి ఆలోచనకు ఇంకా సమయం రాలేదనే నా అభిప్రాయం. ట్యాంకుకే చిల్లు పడి నీరు కారితే మాత్రం మరమ్మతుకు డబ్బు పెట్టకండి.