ఆ అంకెను కాసేపు పక్కన పెట్టు

అమ్మడూ,

పొద్దున లేవగానే బరువు చూసుకుంటున్నానని, అంకె పెరిగిన రోజు తిండి సహించడం లేదని రాశావు. చదివి మనసు చివుక్కుమంది. ముందు ఆ బరువు మిషన్ని అటకెక్కించు. ఉప్పు ఎక్కువైనా, నెలసరి దగ్గరపడినా ఒక్క రోజులో కిలో అటూ ఇటూ అవుతుంది. అందులో చాలావరకు నీరే. దానికోసం రోజంతా నిన్ను నువ్వు తిట్టుకుంటావా?

ఎత్తుకి తగ్గ బరువు ఉందో లేదో చూసే బీఎంఐ లెక్క చూసి కూడా బెంగపడ్డావు. ఆ లెక్క కట్టినాయన డాక్టరు కాదు. క్వెట్లే అనే బెల్జియం గణిత శాస్త్రవేత్త 1830లలో జనాభా సగటులు తెలుసుకోవడానికి కట్టాడు. బీఎంఐ అన్న పేరు 1972లో వచ్చింది. ఒంట్లో కండ ఎంతో, కొవ్వు ఎంతో, ఆ కొవ్వు ఎక్కడ చేరిందో అది చెప్పలేదు. బీపీ, షుగర్, నిద్ర, మెట్లెక్కితే వచ్చే ఆయాసం, వీటన్నిటితో కలిపి చూస్తే డాక్టరుకి పనికొస్తుంది. అద్దం ముందు నిలబడి నువ్వు దాన్ని తలుచుకోవాల్సిన పనిలేదు.

నోరు కట్టుకోలేకపోతున్నానని బాధపడ్డావే, అది నీ లోపం కాదు తల్లీ. 1945లో మిన్నెసోటా విశ్వవిద్యాలయంలో ఆరోగ్యంగా ఉన్న 36 మంది యువకులు తమ ఇష్టంతోనే ఒక పరిశోధనలో చేరి, ఆరు నెలలు దాదాపు సగం తిండితో గడిపారు. పగలూ రాత్రీ వాళ్లకు తిండి ధ్యాసే. వంటల పుస్తకాలు ముందేసుకుని కూర్చున్నవాళ్లూ ఉన్నారు. చిరాకు, దిగులు సరేసరి. కడుపు మాడ్చితే ఎవరికైనా అంతే. వేళకి తిను, కడుపు నిండా తిను.

వ్యాయామాన్ని శిక్షలా చేయకు. ప్రపంచ ఆరోగ్య సంస్థ పెద్దవాళ్లకు చెప్పింది వారానికి 150 నుంచి 300 నిమిషాల ఓ మోస్తరు శ్రమ. ఒక్కోసారి కనీసం పది నిమిషాలైనా చేయాలన్న పాత షరతును 2020లో తీసేసింది కూడా. ఫోన్ మాట్లాడుతూ చకచకా నడిచినా లెక్కలోకి వస్తుంది.

సన్నబడ్డాక వేసుకుందామని దాచుకున్న బట్టలు ఎవరికైనా ఇచ్చెయ్. నడుము దగ్గర ఎర్రగా గీతలు పడేవాటిలో దూరి ఊపిరి బిగబట్టడం ఎందుకు? ఇప్పటి నీ కొలతకే కుట్టించుకో. "లావయ్యావే" అని ఎవరన్నా అంటే, "నా ఒంటి సంగతి వదిలెయ్యండి" అని నెమ్మదిగా అనేసెయ్. నీ ఒంటిని నువ్వు ప్రేమించాలని నేను పట్టుబట్టను, ఉన్నపళంగా అది ఎవరికీ రాదు. తిట్టకుండా ఉండు, ప్రస్తుతానికి చాలు.

తిన్నాక కక్కేయాలనిపిస్తున్నా, భోజనాలు ఎగ్గొడుతున్నా మాత్రం ఆలస్యం చేయకు. డాక్టరు దగ్గర బరువు గురించి మొదలుపెట్టకు, తిండంటే భయం పట్టుకుందని చెప్పు. తోడు కావాలంటే ఒక్క ఫోన్ చెయ్, నేనొస్తాను.

మీ పెద్దమ్మ