పాత డిఎల్‌ఎల్ ఫైళ్ళు: ఏది ఎవరిది?

ప్రశ్న: మా పీణ్య వర్క్‌షాపులో విండోస్ ఎక్స్‌పీ మీద నడిచే పాత స్టాక్ ప్రోగ్రామ్ ఉంది. రాసినవాళ్ళు ఇప్పుడు అందుబాటులో లేరు. ఫోల్డర్ నిండా 140 దాకా డిఎల్‌ఎల్, ఓసీఎక్స్ ఫైళ్ళు (ప్రోగ్రామ్ నడవడానికి వాడుకునే కోడ్ ఫైళ్ళు). కొత్త కంప్యూటర్‌కి మార్చాలి. ఏవి మావో, ఏవి విండోస్‌వో ఎలా తేల్చాలి? తేదీలు చూస్తే అన్నీ ఒకే రోజువి. (పాఠకుడు, బెంగళూరు)

జవాబు: మీరు చూస్తున్నది క్రియేటెడ్ తేదీ అయి ఉంటుంది. అది ఫైల్‌ని అక్కడికి కాపీ చేసిన రోజు. మాడిఫైడ్ తేదీ కాస్త నయం, మామూలు కాపీలో మారదు. ఏ తేదీ ఎలా ఉన్నా, ముందు ఫోల్డర్ మొత్తాన్ని, సిస్టమ్32లో ఉన్న ఓసీఎక్స్‌లతో సహా, పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కించి ఆ కాపీ మీదే పని చేయండి. నడుస్తున్న ఎక్స్‌పీ మీద చేయి పెట్టొద్దు.

ఒక్కో ఫైల్ ప్రాపర్టీస్ తెరుస్తూ కూర్చుంటే పొద్దుపోతుంది. ఎక్స్‌ప్లోరర్‌లో డీటెయిల్స్ వ్యూ పెట్టి, శీర్షికల మీద రైట్‌క్లిక్ చేసి కంపెనీ, ప్రోడక్ట్ నేమ్, ఫైల్ వెర్షన్ నిలువు వరుసలు చేర్చండి. కంపెనీ ప్రకారం సర్దితే సగం పని అయిపోయినట్టే. మైక్రోసాఫ్ట్ పేరున్నవన్నీ విండోస్‌తో వచ్చినవే అనుకోకండి. ఎంఎస్‌విబివిఎం60 ఉంటే ప్రోగ్రామ్ విజువల్ బేసిక్ 6తో రాసింది, ఎంఎస్‌విసిఆర్71 విజువల్ స్టూడియో 2003ది, 80 అయితే 2005ది. ప్రోగ్రామ్‌తోపాటు ఇవీ వెళ్ళాలి. పేరు మార్చి పెట్టిన ఫైళ్ళు కూడా దొరుకుతాయి: పైన యుటిల్2 అని, ప్రాపర్టీస్‌లో ఒరిజినల్ ఫైల్‌నేమ్ దగ్గర జెడ్‌లిబ్1 అని. లోపలి పేరునే నమ్మండి, కానీ ఫైల్‌ని ఆ పేరుకి మార్చకండి. ప్రోగ్రామ్ వెతికేది బయటి పేరునే.

కంపెనీ గడి ఖాళీగా ఉన్నవే అసలు చిక్కు, చాలావరకు మీవీ అవే. వాటిని హెక్స్ ఎడిటర్‌లో (ఫైల్‌లోని ఒక్కో బైట్‌నీ చూపించే టూల్) తెరవండి. మొదటి రెండు అక్షరాలు ఎం, జెడ్ కాకపోతే అది డిఎల్‌ఎల్ కాదు, పేరు మాత్రమే డిఎల్‌ఎల్. ఎం, జెడ్ ఉంటే నాలుగో అడ్డు వరుసలో పదమూడో బైట్ చూడండి. అక్కడినుంచి నాలుగు బైట్లు ఇ8 00 00 00 అని ఉన్నాయనుకోండి. చిన్న బైట్ ముందు వస్తుంది కాబట్టి చిరునామా ఇ8. ఆ చోట పి, ఇ అక్షరాలు, రెండు సున్నాలు, వాటి వెనకే 4సి 01 ఉంటే 32 బిట్, 64 86 ఉంటే 64 బిట్. పి, ఇ బదులు ఎన్, ఇ కనబడితే విండోస్ 3.1 కాలం నాటి 16 బిట్ ఫైల్. 64 బిట్ విండోస్ మీద అది ఎంత మొత్తుకున్నా నడవదు.

ఆ పి, ఇ అక్షరాలతో మొదలయ్యే హెడర్ భాగంలోనే ఫైల్‌ని కంపైల్ చేసిన, అంటే కోడ్ నుంచి తయారుచేసిన, సమయం కూడా ఉంటుంది, 1970 జనవరి 1 నుంచి సెకన్ల లెక్కలో. అది 1992 జూన్ 19 అని వస్తే కంగారు పడకండి. డెల్ఫీ అనే ప్రోగ్రామింగ్ టూల్ పాత కంపైలర్లు ప్రతి ఫైల్‌కీ అదే తేదీ వేసేవి. డెల్ఫీ మార్కెట్లోకి వచ్చిందే 1995లో!

కొత్త కంప్యూటర్‌లో 193 ఎర్రర్ వస్తే చాలావరకు 32, 64 బిట్ కలగాపులగం అయిందని అర్థం. 126 అయితే ఆ ఫైల్ ఉండి కూడా అది అడిగే మరో ఫైల్ లేకపోవచ్చు. డిపెండెన్సీ వాకర్ అనే టూల్‌లో తెరిస్తే దాని పేరు దొరుకుతుంది. ఫైళ్ళను విండోస్‌లో రిజిస్టర్ చేసే రెగ్‌ఎస్‌విఆర్32 కమాండ్ ‘ఎంట్రీ పాయింట్ దొరకలేదు’ అంటే ఫైల్ పాడైందని పారేయొద్దు. అది రిజిస్టర్ చేయాల్సిన రకం కాదు, అంతే.

ప్రశ్న: ప్రాపర్టీస్‌లో డిజిటల్ సిగ్నేచర్స్ ట్యాబే లేకపోతే వైరస్ అనుకోవాలా? (పాఠకురాలు, మారతహళ్ళి)

జవాబు: అక్కర్లేదు. పాత ఫైళ్ళలో చాలావాటికి సంతకమే ఉండదు. విండోస్ సొంత ఫైళ్ళలోనూ ఎన్నింటికో సంతకం విడిగా క్యాటలాగ్ ఫైల్‌లో ఉంటుంది, అందుకే ఆ ట్యాబ్ రాదు. సిగ్‌చెక్ అనే ఉచిత టూల్ క్యాటలాగ్‌నీ చూసి చెబుతుంది. సంతకం లేకుండా కంపెనీ గడిలో మైక్రోసాఫ్ట్ అని ఉంటే మాత్రం అదొక్కటే చూసి నమ్మకండి. ఆ గడిలో ఎవరు ఏం రాసినా పడుతుంది.