కాచిగూడ స్టేషన్ చరిత్ర ఏమిటి? అక్కడి నుంచి ఏ రైళ్లు దొరుకుతాయి?

హైదరాబాద్ నడిబొడ్డున ఉన్న కాచిగూడ స్టేషన్‌ను 1916లో ఏడో నిజాం మీర్ ఉస్మాన్ అలీఖాన్ హయాంలో కట్టారు. అప్పటికే సికింద్రాబాద్, నాంపల్లి ఉన్నాయి కదా, మళ్లీ ఇదెందుకు అనిపించొచ్చు. ఇది మీటర్‌గేజ్ లైను కోసం, అంటే పట్టాల మధ్య దూరం తక్కువగా ఉండే లైను కోసం కట్టింది. నిజాం రైల్వే ప్రధాన కార్యాలయం కూడా ఇక్కడే ఉండేది. 1990లలో గేజ్ మార్పిడితో ఇక్కడా వెడల్పాటి పట్టాల బ్రాడ్‌గేజే వచ్చేసింది.

ఈసారి వెళ్తే టికెట్ హడావిడిలో లోపలికి దూరిపోకుండా, ఒక్క నిమిషం ఎదురుగా నిలబడి చూడండి. మధ్యలో పెద్ద గుమ్మటం, అటూ ఇటూ చిన్న గుమ్మటాలు, సన్నటి మినార్లు. ఆటోవాళ్ల కేకలు లేకపోతే ఏదో నవాబుగారి మహల్ అనుకుంటాం! నా లెక్కలో నగరంలోకెల్లా అందమైన స్టేషన్ ఇదే.

రైళ్ల సంగతికొస్తే, కర్నూలు, అనంతపురం, బెంగళూరు వైపు వెళ్లేవాళ్లకు ఇదే ముఖ్యం. 2023 సెప్టెంబర్‌లో మొదలైన యశ్వంత్‌పూర్ వందేభారత్, మైసూరు, చెంగల్పట్టు వైపు వెళ్లే ఎక్స్‌ప్రెస్‌లు ఇక్కడి నుంచే బయలుదేరతాయి. నగరంలో తిరగడానికి ఫలక్‌నుమా లైన్ ఎంఎంటీఎస్ లోకల్ రైలు ఉంది: ఒకవైపు మలక్‌పేట, ఇంకోవైపు విద్యానగర్ మీదుగా సికింద్రాబాద్.

టికెట్ మీద కాచిగూడ అని ఉందో, సికింద్రాబాద్ అని ఉందో ఒకసారి చూసుకోండి. చివరి నిమిషంలో తెలిస్తే ఆ ట్రాఫిక్‌లో పడే టెన్షన్ మామూలుగా ఉండదు.