కెమెరా పెట్టెలోంచి తీయకముందు

తమ్ముడికి,

నువ్వు పంపిన ప్రతిపాదన రెండుసార్లు చదివాను. గనుల కోసం ఊరు ఖాళీ చేయాల్సి వస్తున్నవాళ్ల మీద డాక్యుమెంటరీ తీయాలన్న సంకల్పం మంచిదే. కానీ ఆరు పేజీల్లో నాలుగు పేజీలు కెమెరాకీ డ్రోన్‌కీ చిత్రోత్సవాలకీ పోయాయి. ఆ ఊరివాళ్ల మాట ఒక్కటీ కనబడలేదు.

నీకు దీపా ధన్‌రాజ్ సంగతి చెప్పాలనిపించింది. హైదరాబాద్‌లో పుట్టిన ఈ డాక్యుమెంటరీ దర్శకురాలు 1980లో మరికొందరితో కలిసి ‘యుగాంతర్’ బృందాన్ని నెలకొల్పి, పుణెలో ఇళ్లలో పాచిపని చేసుకునే స్త్రీలు సంఘం కట్టుకున్న వైనాన్ని మొదట చిత్రించారు. తర్వాత కర్ణాటకలోని నిపాణి పొగాకు కార్ఖానాల్లో పనిచేసే ఆడవాళ్లతో నాలుగు నెలలు గడిపి, వాళ్ల కూలి, వాళ్ల అవమానాలు, సంఘం కోసం వాళ్లు వేసుకున్న ఎత్తులు వాళ్ల నోటే విని, దాన్నే సినిమాగా మలిచారు. నిడివి అరగంట కూడా ఉండదు. నాలుగు నెలలకు అరగంట! నీ ప్రతిపాదనలో చిత్రీకరణకు పన్నెండు రోజులు, ఊరివాళ్లతో పరిచయానికి ఒక్క పూట రాసుకున్నావు.

1983లో హైదరాబాద్ మహిళా సంఘం ‘స్త్రీశక్తి సంఘటన’తో కలిసి తీసిన ‘ఇది కథ మాత్రమేనా’లో యుగాంతర్ బృందం దారి మార్చి కల్పిత కథను ఎంచుకుంది. నాలుగు గోడల మధ్య భార్య పడే హింస ఎదుటికి కెమెరాను తీసుకెళ్లడం సాధ్యం కాదు, న్యాయమూ కాదు. కారణం అదేనని నా ఊహ. కుటుంబ నియంత్రణ కార్యక్రమం మీద 1991లో తీసిన చిత్రంలోనైతే, శస్త్రచికిత్సల శిబిరంలో తన లెక్కలు గొప్పగా చెప్పుకునే డాక్టరును ఒకవైపు చూపి, గుండ్రంగా కూర్చుని తమ శరీరాల గురించి నిస్సంకోచంగా మాట్లాడుకునే పల్లె స్త్రీలను మరోవైపు చూపారు. ఆ స్త్రీలు అంత చనువుగా మాట్లాడాలంటే కెమెరా వెనకున్నవాళ్ల మీద ఎంత నమ్మకం కుదిరి ఉండాలో ఆలోచించు.

నా మొదటి చిత్రానికి వెళ్లిన రోజు, జీపు దిగీ దిగగానే స్టాండు బిగించాను. ఒక ముసలామె కొంగు సర్దుకుని లోపలికి వెళ్లి, ఆధార్ కార్డు తెచ్చి నా చేతిలో పెట్టింది. పింఛను రాసుకోవడానికి వచ్చానని అనుకుందట. ఆ రోజు వాళ్లు చెప్పినవన్నీ దరఖాస్తులే. ఇప్పటికీ ఆ చిత్రం చూస్తే నాకు ఆ కార్డే కనబడుతుంది.

సెన్సారు గురించి అడిగావు. డాక్యుమెంటరీలు తీసే ఆనంద్ పట్వర్ధన్ తన సినిమాల కోసం ఎన్నిసార్లు కోర్టు మెట్లెక్కారో నీకు తెలియనిది కాదు. సినిమా అంటూ ఉంటే ఆ పోరాటం తర్వాత చేయవచ్చు.

వచ్చే నెల ఆ ఊరికి వెళ్తానన్నావు కదా, కెమెరా ఇంట్లోనే ఉంచి ఒక నోటుపుస్తకం పట్టుకెళ్లు. పది రోజులుండి, ఎవరింట్లో అన్నం తిన్నావో, నిన్ను ఏ వరుసపెట్టి పిలిచారో నాకు రాయి. ప్రతిపాదన అప్పుడు మళ్లీ చదువుతాను.

శుభాశీస్సులతో,
మీ అన్నయ్య